పారిస్ కప్పు, గంజాం గాలి

ఈరోజు పట్టాలు అందుకున్న ఆర్కిటెక్చర్, సివిల్ విద్యార్థులకు నా అభినందనలు.

రేపు గంజాం జిల్లా బరంపురంలో ఎవరో ఒకాయన ఫోనులో పారిస్ మేడ ఫోటో చూపించి, "బాబూ, మా ఇంటికి ఇలాంటి కప్పు కావాలి" అంటారు. దాని పేరు మాన్సార్డ్. ప్రతి వైపూ రెండు వాలులు: కిందది గోడలా నిటారు, పైది బాగా తక్కువ. కింది వాలులోనే కిటికీలు. 17వ శతాబ్దపు వాస్తుశిల్పి ఫ్రాన్సువా మాన్సార్ పేరు దానికి నిలిచిపోయింది గానీ, అంతకు ముందే పియేర్ లెస్కో లూవ్ర్ రాజప్రాసాదానికి ఇలాంటి కప్పు వేశాడు.

ఆ కప్పు అంతగా వ్యాపించడానికి అందం ఒక్కటే కారణం కాదు. 1783లో పారిస్ ఇళ్ల ఎత్తుకు చట్టం హద్దు పెట్టింది. కొలత గోడ పై అంచున ఉండే కార్నీసు దగ్గర ఆగేది కనుక, కప్పులోని గదులు లెక్కలోకి రాలేదు. అద్దె మాత్రం వచ్చేది! మూడో నెపోలియన్ కాలంలో పారిస్ అధికారి హౌస్‌మన్ వేయించిన వీధుల్లో ఆ కప్పే నగరానికి ముఖమైంది.

మరి గంజాంలో? 2013 అక్టోబరు 12 రాత్రి ఫైలిన్ తుఫాను గోపాల్‌పూర్ దగ్గర తీరం దాటింది. గాలి వేగం గంటకు 200 కిలోమీటర్లు. అలాంటి గాలికి నిటారు వాలు ఎదురురొమ్ము ఇస్తుంది, పై వాలును గాలి పైకి లాగుతుంది. వాలు విరిగిన ప్రతి చోటా, ప్రతి కిటికీ అంచునా నీరు దిగే దారి ఉంటుంది. పక్కనే ఉన్న ఉత్తరాంధ్ర తీరపు చుట్టిల్లు చూడండి: గోడ గుండ్రం, చూరు నేలకు దగ్గర. గాలికి పట్టు దొరకదు.

ఫ్రాన్సు నుంచి మనకు పనికొచ్చింది వేరే ఉంది. 1841లో అల్సాస్‌కు చెందిన జిలార్డోని సోదరులు ఒకదానిలో ఒకటి ఇమిడే పెంకుకు పేటెంటు తీసుకున్నారు. 1865లో బాసెల్ మిషన్ అనే క్రైస్తవ సంస్థ వారు మంగళూరులో పెంకుల ఫ్యాక్టరీ పెట్టారు. ఆ తరహా పెంకే మన బంగళా పెంకు. నాటు పెంకు కన్నా తక్కువ పెంకులతో కప్పు నిండుతుంది, దూలాల మీద బరువు తగ్గుతుంది. మన మట్టితోనే తయారవుతుంది కనుక ఇక్కడ నిలిచింది. చూరు వరుసలను తీగతో బిగించకపోతే అదీ ఎగిరిపోతుందని మరవకండి.

అందుకే ఫోటో చూపినాయన్ని చిన్నబుచ్చకండి. గాలి ఎటు నుంచి వస్తుంది, నీరు ఎటు పోతుంది, పదేళ్లకు మరమ్మతు చేసే మేస్త్రి ఈ ఊళ్లో దొరుకుతాడా అని ఆయనతో కూర్చుని తేల్చుకోండి. ఆ తరవాతే పెన్సిలు పట్టుకోండి.