యాసే ఆమె ఇంటిపేరు
(కోవూరు సభలో చేసిన ప్రసంగ పాఠం)



పెన్న ఒడ్డున కూర్చుని తెలంగాణ శకుంతల గురించి మాట్లాడుకోవడం ఏమిటని కొందరు అడిగారు. యాసను ఎగతాళి చేస్తే ఎక్కడ గుచ్చుకుంటుందో మన నెల్లూరోళ్ళకు వేరే చెప్పాలా? మనం ‘ఏందబ్బయా’ అంటే చాలు, పక్క జిల్లావాడు నవ్వుతాడు. అందుకే ఆమె కథ మన కథ కూడా.

శకుంతల పుట్టింది మహారాష్ట్రలో, మరాఠీ ఇంట్లో. నాటకరంగం నుంచి వచ్చిన మనిషి. 1979లో గౌతమ్ ఘోష్ తీసిన ‘మా భూమి’తో సినిమాల్లోకి వచ్చారు. తెలంగాణ రైతాంగ సాయుధ పోరాటం మీద తీసిన సినిమా అది. పరాయి భాష ఇంట పుట్టిన మనిషి ఈ యాసను ఎంతగా సొంతం చేసుకున్నారంటే, జనం ఆ నేల పేరునే ఆమెకు ఇంటిపేరు చేశారు. యాస రాదు, కుదరదు అనే నటులకు ఇంతకన్నా జవాబేముంది?

మరి సినిమా ఆ గొంతుకు ఏమిచ్చింది? 1997లో ‘ఒసేయ్ రాములమ్మ’, 2001లో ‘నువ్వు నేను’ వచ్చాయి. 2003లో ‘ఒక్కడు’లో కర్నూలు ముఠా నాయకుడి తల్లి వేషం. అదే ఏడు తమిళ ‘ధూల్’లో ప్రతినాయకి స్వర్ణక్క. తమిళులు ఆ పాత్రను ఇప్పటికీ తలుచుకుంటారు. ఇచ్చిన ప్రతి వేషాన్నీ ఆమె నిలబెట్టారు. తప్పు వేషాలు పంచినవాళ్ళది. తెలంగాణ యాసైనా, సీమ యాసైనా రౌడీ ఇంట్లోనే వినబడాలి, లేదా నవ్వించడానికి పనికిరావాలి. హీరో హీరోయిన్ల నోట మాత్రం యాస తగలని ‘శుద్ధమైన’ తెలుగు. ఇది వేషాల పంపకం కాదు, మర్యాదల పంపకం.

మన జిల్లానే చూడండి. 1992లో దూబగుంట ఆడవాళ్ళు సారా మీద తిరగబడ్డారు. రోశమ్మ, ఆమె తోటివాళ్ళు పుస్తకాల తెలుగులో కాదు, ఇంట్లో మాట్లాడే మాటతోనే సర్కారును నిలదీశారు. 1993 అక్టోబరులో రాష్ట్రమంతా సారా నిషేధం వచ్చింది. గద్దించే ఆడమనిషి ఊళ్ళో ఉద్యమానికి నాయకురాలైంది. తెరమీద ఆ గొంతే గయ్యాళి అయిపోయింది.

2014 జూన్ 2న తెలంగాణ రాష్ట్రం ఏర్పడింది. పన్నెండు రోజులకే, జూన్ 14న, గుండెపోటుతో శకుంతల వెళ్ళిపోయారు. 2017లో ‘ఫిదా’ హీరోయిన్ ఆ యాసలోనే మాట్లాడింది. 2023లో ‘బలగం’లో ఊరు ఊరంతా మాట్లాడింది. జనం నవ్వలేదు, ఏడ్చారు. ఆ రోజులు చూడకుండానే ఆమె పోయారు.

రాష్ట్రం రావడంతో యాసకు గౌరవం దానంతటదే రాదు. రాసేవాళ్ళు రాయాలి, ఆడేవాళ్ళు ఆడాలి, చూసేవాళ్ళు అడగాలి. మన పిల్లలు నాటకం వేస్తే నాయిక చేత మన కోవూరు మాట మాట్లాడించండి. నవ్వేవాడు నవ్వనీ. శకుంతలమ్మకు మనం బాకీ పడ్డది ఆ వేషమే.

జోహార్!