కాయ ఆగదు, గుజ్జు ఆగుతుంది



ప్రపంచీకరణ మేలా, కీడా అని అడిగితే మన సీమలో రెండు జవాబులూ సిద్ధంగా ఉన్నాయి. మేలనేవారు జపాన్ ఇసుజు వాహనాలు తయారయ్యే శ్రీసిటీని చూపిస్తారు. కీడనేవారు 2025 వేసవిలో గుజ్జు ఫ్యాక్టరీల ముందు బారులు తీరిన మామిడి ట్రాక్టర్లను చూపిస్తారు. అసలు తగవు ఆ ట్రాక్టర్ల దగ్గరే ఉంది.

చిత్తూరు జిల్లాలో తోతాపురి మామిడి తోటలు ఇంతగా విస్తరించింది మనం తినడానికి కాదు, గుజ్జు కోసం. అది గల్ఫ్‌కూ యూరప్‌కూ ఓడలెక్కుతుంది. కాబట్టి విదేశీ వ్యాపారమే లేకుంటే రైతు బాగుపడేవాడన్న మాట నిలవదు. ఆ గిరాకీ లేకపోతే ఈ తోటల్లో చాలా భాగం ఉండేవే కావు. అయితే పాత నిల్వలు అమ్ముడుపోలేదని ఫ్యాక్టరీలు కొనుగోళ్లు తగ్గించగానే దెబ్బ తిన్నదెవరు? సీలు వేసిన సంచిలో గుజ్జు ఏడాది దాటినా చెడదు. కోసిన కాయ నాలుగు రోజులు ఎండలో ట్రాక్టరు మీదుంటే కుళ్లుతుంది. ఆగగలిగినవాడు ధర చెబుతాడు, ఆగలేనివాడు తలూపుతాడు. స్వేచ్ఛా వ్యాపారాన్ని పొగిడే పాఠాల్లో ఇద్దరూ సమానంగా బేరమాడతారు. కాయలు కొనే ర్యాంపు దగ్గర మాత్రం అలా జరగదు.

పోనీ, తలుపులు మూస్తే? 2025 జూన్‌లో అదీ చూశాం. పొరుగు రాష్ట్రాల తోతాపురి జిల్లాలోకి రాకూడదని ఆంక్ష పెడితే, కోలారు జిల్లా శ్రీనివాసపురం రైతులు భగ్గుమన్నారు, కర్ణాటక ముఖ్యమంత్రి సిద్ధరామయ్య మన ముఖ్యమంత్రికి లేఖ రాశారు. అక్కడి రైతుదీ మన రైతుదీ ఒకటే కష్టం. యూరప్ రేవు తెరిచి ఉండాలి, కర్ణాటక నుంచి వచ్చే పలమనేరు దారి మూసి ఉండాలి అంటే ఆ న్యాయం ఎవరికి నచ్చజెప్పగలం? అదే వేసవిలో ప్రభుత్వం కిలోకు 12 రూపాయలు ఖరారు చేసి, అందులో 8 రూపాయలు ఫ్యాక్టరీలు ఇవ్వాలని, 4 రూపాయలు తాను ఇస్తానని చెప్పింది. ఆ 8 కూడా చేతికి రాలేదని రైతులు మొరపెట్టుకున్నారు. ఆ ఏటికి ప్రభుత్వ సాయం అవసరమే, కాదనను. కానీ ఏటా ఖజానా తెరవాల్సి వస్తే లాభం ఒకరిదీ నష్టం అందరిదీ అవుతుంది.

రైతులే గుజ్జు తీయించి దాచుకోవచ్చు కదా అంటారు కొందరు. ఒంటరి రైతుకు అది కుదరదు, సంఘానికి కుదురుతుంది. అంతకంటే ముందు చేయదగ్గ పనులు రెండున్నాయి. తోట పూత మీద ఉన్నప్పుడే రైతూ ఫ్యాక్టరీ ధర రాసుకోవాలి. ఏ ఫ్యాక్టరీలో ఎంత గుజ్జు మిగిలిందో కోతకు ముందే తోటలోని రైతుకు తెలియాలి. పట్టభద్రులారా, మీలో వాణిజ్యం చదివినవారున్నారు, వ్యవసాయం చదివినవారున్నారు, కంప్యూటర్లు చదివినవారున్నారు. వచ్చే మే నెలలోపు ఆ నిల్వల లెక్క ఊరూరికీ చేరే ఏర్పాటు మీలో ఎవరైనా మొదలుపెట్టండి.