సైకిలు మీద బతుకు, చట్టంలో చోటు



వీపున పెద్ద సంచీతో సైకిలు తొక్కుతూ ఇంటింటికీ ఆహారం చేరవేసే యువకులను హైదరాబాదు వీధుల్లో మనం నిత్యం చూస్తున్నాం. వారిలో మన బస్తీల బిడ్డలూ ఉన్నారు. సైకిలుకు పెట్రోలు ఖర్చు లేదు, లైసెన్సు అక్కరలేదు. మోటారు బండి కొనే స్తోమత లేనివారికి అదే ఆధారం. అయితే రాబడి ఆర్డర్ల లెక్కన వస్తుంది. బండి వేగాన్ని సైకిలు అందుకోలేదు గనుక అదే సంపాదనకు వారు మరిన్ని గంటలు తొక్కవలసి ఉంటుంది. జ్వరమొచ్చి ఆగిన రోజున రాబడి సున్నా.

కంపెనీలు వీరిని కార్మికులనక 'భాగస్వాములు' అంటాయి. లాభంలో వాటా లేని భాగస్వామ్యమిది! ఆ పేరు చాటునే కనీస వేతనం, పి.ఎఫ్., ఇ.ఎస్.ఐ. వీరికి దక్కకుండా పోయాయి. మన బిడ్డలకు దీనికితోడు మరో గాయం. 2019లో జబల్‌పూర్‌లో ఒక వినియోగదారుడు, ఆహారం తెచ్చేది ముస్లిం అని ఆర్డరు రద్దు చేసుకున్నాడు. 2022లో మన హైదరాబాదులోనే, ముస్లింను పంపవద్దన్న సూచనతో వచ్చిన ఆర్డరు వార్తలకెక్కింది.

2020 నాటి సామాజిక భద్రతా స్మృతి ఇటువంటి శ్రామికులను తొలిసారి గుర్తించింది. 2025 నవంబరు 21న అది అమలులోకి వచ్చింది. దాని ప్రకారం కంపెనీలు తమ వార్షిక టర్నోవరులో 1 నుండి 2 శాతం సంక్షేమ నిధికి చెల్లించాలి. ఆ మొత్తం శ్రామికులకు ఇచ్చే సొమ్ములో 5 శాతానికి మించనక్కరలేదు. తెలంగాణ ప్రభుత్వం 2023 డిసెంబరులో 5 లక్షల రూపాయల ప్రమాద బీమా ప్రకటించింది. కాని పేరు నమోదు కాని శ్రామికుడు ఏ పథకానికీ కనబడడు.

ప్రమాదం జరిగితే చందా పోగుచేయడానికి మన సమాజం వెనుకాడదు. సదఖా పుణ్యకార్యమే. అయితే చందా ఒక్కసారితో ముగుస్తుంది, హక్కు కుటుంబానికి తోడుగా నిలుస్తుంది. కూలి చెల్లింపులో జాప్యం కూడదన్న దైవప్రవక్త (స) బోధ శ్రామికుణ్ణి హక్కుదారునిగా నిలబెట్టింది.

కాబట్టి మేము కోరేదిది: మస్జిదు కమిటీలు జుమా నమాజు అనంతరం ఇ-శ్రమ్ నమోదుకు ఏర్పాట్లు చేయాలి. వివక్ష ఎదురైతే ఆ సందేశాన్ని ఫోనులో భద్రపరచి సంఘానికి అందజేయాలి. అన్ని మతాల శ్రామికులతో కలిసి యూనియన్‌లో చేరాలి. మన గుమ్మంలోకి వచ్చిన బిడ్డకు మంచినీళ్లిచ్చి, నమోదయ్యావా అని అడగాలి.

అల్లాహ్ మన ప్రయత్నాన్ని స్వీకరించుగాక! ఆమీన్.