శ్రద్ధకు పరీక్ష తోడైన వేళ: ‘యోగ మీమాంస’ పత్రిక చరిత్ర

(ధన్వంతరి జయంతి సభలో చేసిన ప్రసంగ పాఠం)



ఆరోగ్యాన్ని గురించి నాలుగు మాటలు చెప్పవలసిందిగా నిర్వాహకులు నన్ను ఆదేశించారు. మూలికల గుణాలను గానీ, ఆసనాల పద్ధతిని గానీ వివరించే అర్హత నాకు లేదు. కనుక యోగవిద్యను ఆరోగ్యశాస్త్రంగా లోకం ముందు నిలబెట్టిన ఒక పత్రిక చరిత్రను మనవి చేస్తాను. దాని పేరు ‘యోగ మీమాంస’. మీమాంస అనగా విచారణ. ఆ పత్రిక స్వభావమంతా ఆ ఒక్క మాటలోనే ఉన్నది.

దాని స్థాపకులు స్వామి కువలయానందులు. వారి పూర్వనామం జగన్నాథ గణేశ గుణే. 1883లో గుజరాత్ ప్రాంతంలోని దభోయీలో జన్మించారు. యౌవనంలో బరోడాలో మాణిక్‌రావు గారి వద్ద వ్యాయామ విద్యను అభ్యసించారు. తరువాత నర్మదా తీరంలోని మాల్సర్‌లో పరమహంస మాధవదాసుల వారిని ఆశ్రయించి యోగదీక్ష పొందారు. గురువు మాటపై వారికి అచంచలమైన విశ్వాసం ఉండేది. అయితే, యోగక్రియల వలన శరీరంలో ఏమి జరుగుతున్నదో ఆధునిక పరికరాలతోనూ తెలుసుకోవాలని వారు సంకల్పించారు. ఆ ప్రయత్నం విశ్వాసానికి విరోధమని వారు తలచలేదు.

1920 ప్రాంతంలో బరోడాలోని ఆసుపత్రిలో ఆ పరీక్షలు ఆరంభమయ్యాయి. ఉడ్డియాన, నౌళి క్రియలు చేసే సమయంలో ఎక్స్‌రే చిత్రాలు తీశారు. ఉదరంలోని పీడనాన్ని కొలిచారు. నౌళి చేసేటప్పుడు పెద్దప్రేగులోని పీడనం బయటి గాలి పీడనం కంటే తగ్గుతున్నట్లు తేలింది. యోగులు బస్తిక్రియలో ఏ యంత్రమూ లేకుండా నీటిని లోనికి ఎలా తీసుకోగలరన్న ప్రశ్నకు అక్కడ సమాధానం దొరికింది. ఆ శూన్యస్థితికి కువలయానందులు తమ గురువు పేరు పెట్టారు. ప్రయోగశాలలో కూడా గురుభక్తికి చోటున్నదని దీనివలన మనకు తెలుస్తున్నది.

1924 అక్టోబరులో బొంబాయి, పూనా నగరాల మధ్యనున్న లోనావ్లాలో వారు కైవల్యధామాన్ని స్థాపించారు. ఆ సంవత్సరమే ‘యోగ మీమాంస’ త్రైమాసిక పత్రికగా వెలువడింది. దేశవిదేశాల వైద్యులు కూడా చదవాలన్న ఉద్దేశంతో దానిని ఇంగ్లీషులో నడిపారు. అందులో ప్రయోగ ఫలితాలకు ఒక విభాగం, సామాన్య పాఠకులకు అభ్యాస విధానాన్ని బోధించే విభాగం వేరువేరుగా ఉండేవి. నిరూపితమైనది ఏది, సంప్రదాయం చెప్పినది ఏది అన్న విచక్షణ పాఠకునికి కలిగేది. ఆసన, ప్రాణాయామాలపై కువలయానందుల ప్రసిద్ధ గ్రంథాలకు ఈ పత్రికా వ్యాసాలే ఆధారం.

ఈ చరిత్రలో నన్ను మిక్కిలి ఆకర్షించిన ఘట్టం ఒకటున్నది. ప్రాణాయామం వలన శరీరానికి ప్రాణవాయువు అధికంగా అందుతుందని, దాని మహిమ అంతా అదేనని అనేకులు నమ్మేవారు. ఆశ్రమంలో జరిపిన కొలతలు ఆ నమ్మకాన్ని సమర్థించలేదు. యోగప్రచారమే ధ్యేయంగా గల సంస్థకు అది రుచించని ఫలితమే. అయినను దానిని మరుగుపరచలేదు. ప్రాణాయామ ప్రయోజనాన్ని ప్రాణవాయువు పరిమాణంలో వెదకరాదని, నాడీమండలంపైన, మనస్సుపైన దాని ప్రభావంలో చూడవలెనని కువలయానందులు బోధించారు. ఒక తప్పు కారణాన్ని విడిచిపెట్టినంత మాత్రాన ప్రాణాయామ గౌరవం తగ్గలేదు. సత్యం చెప్పిన పత్రికపై గౌరవం పెరిగింది.

ఆ విశ్వసనీయత వలననే పెద్దలు వారిని ఆశ్రయించారు. 1927లో గాంధీజీ తమ ఆరోగ్య విషయమై కువలయానందులతో ఉత్తరప్రత్యుత్తరాలు జరిపారు. అమెరికాలోని యేల్ విశ్వవిద్యాలయంలో చదివిన కోవూరు బెహనాన్ లోనావ్లా వచ్చి అభ్యాసం చేసి, తన అనుభవాలతో 1937లో ఒక గ్రంథం వెలువరించారు.

దాతలకు ఒక మాట మనవి చేస్తాను. ప్రయోగశాల, పరికరాలు, పత్రిక ముద్రణ ఇవన్నీ ధనంతో కూడిన పనులు. పత్రిక ఎల్లకాలం నిరాటంకంగా సాగలేదు. మధ్యలో ఆగిన కాలం కూడా ఉన్నది. అయినను ఉదారుల చేయూతతో సంస్థ నిలిచింది. బొంబాయి సముద్రతీరంలో 1936లో వెలసిన యోగ ఆరోగ్య కేంద్రం నేటికీ ఈశ్వర్‌దాస్ చునీలాల్ పేరుతోనే ఉన్నది. 1966లో కువలయానందులు పరమపదించారు. పత్రిక మాత్రం 2024లో నూరేళ్ళు పూర్తిచేసుకొన్నది. అన్నదానం ఆకలి తీర్చినట్లే, విచారణకు చేసిన దానం అజ్ఞానాన్ని తీరుస్తుంది.

నేడు ఆరోగ్యాన్ని గురించిన రాతలకు లోటు లేదు. ఒక కషాయం సర్వరోగహరమని ఒకరంటారు. ఒక ఆసనంతో మధుమేహం మాయమవుతుందని మరొకరంటారు. దేవుని పటం పక్కన అచ్చయినదన్న భక్తితో వాటిని నమ్మి, వైద్యులిచ్చిన మాత్రలను మానుకొన్నవారికి కలిగే నష్టం సామాన్యమైనది కాదు. భగవంతుని పేరుతో చెప్పే మాటకు మరింత జాగ్రత్త అవసరం. యోగానికి జీవితాన్ని అంకితం చేసిన కువలయానందులే, రక్తపోటు సరిగా లేనివారు తమంతట తాము అభ్యాసానికి దిగరాదని హెచ్చరించారు. తన విద్య హద్దులను చెప్పగలిగినవాడే ఆ విద్యకు నిజమైన భక్తుడు.

కాబట్టి, మహాశయులారా, ఆరోగ్య విషయమై ఏదైనా చదివినప్పుడు దీనిని ఎవరు పరీక్షించారు, ఎవరికి ఇది తగదు అని అడగండి. ఆ ప్రశ్న వలన దైవానికి అపచారం జరగదు. శరీరం ఆయన మనకు అప్పగించిన క్షేత్రం. క్షేత్రపాలన చేసేవాడు వచ్చినవారినందరినీ విచారించకుండా లోనికి పంపడు కదా!

ధన్వంతరి స్వామి మీ అందరికీ ఆయురారోగ్యాలను, వాటితోపాటు వివేకాన్నీ ప్రసాదించుగాక. స్వస్తి.