రిపోర్టులో పెట్టిన వీడియో ఎక్కడుంటుంది?

(కార్యకర్తల శిక్షణా తరగతిలో చేసిన ప్రసంగ పాఠం)



నన్ను కంప్యూటరు గురించి మాట్లాడమన్నారు. నేను ఆ విద్యలో నిపుణురాలిని కాను. నిజ నిర్ధారణకు వెళ్ళి రిపోర్టులు రాసే మనిషిని, అంతే. ఈమధ్య ఆ రిపోర్టుల్లో మనం వీడియోలు పెట్టడం మొదలుపెట్టాం కాబట్టి, నేను చేసిన ఒక తప్పు మీకు చెప్పాలి.

అత్తింటివాళ్ళు కొట్టి బయటికి గెంటేసిన ఒక స్త్రీ మాటల్ని ఆ ఊరి కుర్రాడొకడు ఫోన్లో తీసి యూట్యూబ్‌లో పెట్టాడు. ఆరు నిమిషాలు. ఆమె చదువుకోలేదు. కానీ ఎవరు ఏ రోజు ఏమన్నారో, ఎవరు జుట్టు పట్టుకున్నారో, ఎవరు తలుపేశారో పొల్లుపోకుండా చెప్పింది. నేనెంత రాసినా ఆ గొంతు కాగితం మీదికి రాదనిపించింది. వర్డ్‌లో ఇన్సర్ట్ అన్నచోట ఆన్‌లైన్ వీడియో అని ఉంటుంది. అక్కడ లింకు అతికించగానే రిపోర్టు మధ్యలో ఆమె బొమ్మ, దానిమీద ప్లే గుర్తు వచ్చి కూర్చున్నాయి. నొక్కితే ఆమె మాట్లాడింది. నాకెంత గర్వం కలిగిందో చెప్పలేను. ఆ ధీమాతోనే ఆమె వాంగ్మూలాన్ని నాలుగు వాక్యాలకు కుదించి, 'వివరాలకు వీడియో చూడగలరు' అని రాసి ఊరుకున్నాను.

దాన్ని ఒక కార్యాలయానికి మెయిల్‌లో పంపాం. వాళ్ళు ప్రింటు తీసి ఫైల్లో పెట్టుకున్నారు. కాగితం మాట్లాడదు కదా! విచారణ రోజున నా లాప్‌టాప్‌లో చూపించబోతే వీడియో లేదు. పెద్దమనుషులు బెదిరిస్తే ఆ కుర్రాడు ముందురోజే తీసేశాడు. అతన్ని నేను తప్పుపట్టను, ఆ ఊళ్ళో బతకవలసినవాడు.

ఇన్సర్ట్ అన్న మాటే మనల్ని మోసం చేస్తుంది. వర్డ్ ఫైలంటే ఒక మూట. ఆ మూటలోకి వీడియో రాదు. ఒక బొమ్మ, వీడియో ఉన్న చోటు చిరునామా, ఈ రెండే వస్తాయి. వీడియో ఎక్కించినవాళ్ళు తీసేసినా, యూట్యూబ్‌వాళ్ళు తొలగించినా, చదివేవాళ్ళకు నెట్ లేకపోయినా మన దగ్గర మిగిలేది బొమ్మ ఒక్కటే. ఈ సౌకర్యం వర్డ్ 2013తో వచ్చింది. అంతకు ముందరి వర్డ్ ఉన్న కంప్యూటర్లో అది ఆడదు.

ఆ బొమ్మ సంగతే నన్ను ఎక్కువ బాధపెట్టింది. వీడియో పోయింది గానీ ఆమె మొహం పోలేదు. ఎన్ని జెరాక్సులు తీస్తే అన్నిట్లోనూ పడింది, అత్తింటివాళ్ళ చేతికిచ్చిన కాపీతో సహా. "నా మాటేదక్కా? నా మొహం మాత్రం అందరి చేతుల్లో ఉంది," అన్నదామె. ఆ కుర్రాడితో మాట్లాడటానికి ఆమె ఒప్పుకుంది నిజమే. ఆ మొహాన్ని మా రిపోర్టులో పెట్టవచ్చా అని నేను అడగలేదు. ఎటూ అందరూ చూసిందే కదా అనుకున్నాను. ఈ 'ఎటూ' అన్న మాట చాటున స్త్రీల అనుమతి ఎన్నిసార్లు ఎగిరిపోతుందో మనకు తెలియనిదా?

అత్యాచారం కేసుల్లో అయితే ఇది నేరమే అవుతుంది. బాధితురాలిని గుర్తుపట్టే వివరం ఏది ప్రచురించినా, పాత శిక్షాస్మృతిలో 228ఎ కింద, 2024 జులై 1 నుంచి భారతీయ న్యాయ సంహితలో 72వ సెక్షన్ కింద రెండేళ్ళ దాకా జైలు, జరిమానా. పేరు రాయకపోతే సరిపోదని 2018లో నిపుణ్ సక్సేనా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. మనం విడుదల చేసే రిపోర్టుల్లో బొమ్మ పెట్టేముందు ఇది గుర్తుండాలి. యూట్యూబ్‌లో 'అన్‌లిస్టెడ్' అని పెట్టాం, ఎవరికీ కనపడదు అంటారు కొందరు. లింకు చేరినవాళ్ళందరికీ కనపడుతుంది.

ఇప్పుడు నేను చేస్తున్నది చెబుతాను. వాంగ్మూలం మొత్తం, ఎంత పొడుగైనా సరే, ఆమె మాటల్లోనే రాసి, ఆమెకు చదివి వినిపించి, సంతకమో వేలిముద్రో తీసుకుంటున్నాను. బొమ్మ పెట్టడం మానేశాను. లింకును మామూలు అక్షరాల్లో, చూసిన తేదీతో సహా రాస్తున్నాను. వీడియో తీసినవాళ్ళ దగ్గరనుంచి అసలు ఫైలు తీసుకుని రెండుచోట్ల దాస్తున్నాను. వాట్సాప్‌లో వీడియోగా పంపితే అది కుదించుకుపోతుంది. డాక్యుమెంటుగా పంపమనండి. తీసిన ఫోను కూడా జాగ్రత్త అని చెప్పండి. కోర్టుదాకా వెళితే భారతీయ సాక్ష్య అధినియం 63వ సెక్షన్ కింద సర్టిఫికెట్ కావాలి. అందులో ఒక భాగం మనవైపు నుంచి, రెండోది నిపుణుడి నుంచి. దాంట్లో హాష్ విలువ రాయాలి. అది ఫైలుకు వేలిముద్ర లాంటిది, వీడియోలో ఒక్క క్షణం కత్తిరించినా మారిపోతుంది.

ఇదంతా పని పెంచేదే, ఒప్పుకుంటాను. నాలుగు వాక్యాల చోట ఆరు పేజీలు రాయాలి.

మధ్యాహ్నం కంప్యూటర్ల ముందు కూర్చున్నప్పుడు మీరు వెంట తెచ్చిన రిపోర్టులు తెరవండి. నెట్ ఆపేసి, ప్రింటు తీసి చూడండి. ఆమె చెప్పినదాంట్లో ఎంత మిగిలిందో, ఆమె దాచుకోవాలనుకున్నది ఏదైనా బయటపడిందేమో కాగితం మీద గుర్తు పెట్టుకోండి. అవి ముందు పెట్టుకుని మాట్లాడుకుందాం.