అమ్మాయి దగ్గరికి వెళ్ళిపోవాలా?

నాకు 69 ఏళ్ళు. రిటైరయ్యాను, న్యూజెర్సీ ఎడిసన్‌లో ఉంటాను. మా ఆవిడ పోయి 14 నెలలైంది. అప్పట్నుంచీ మా అమ్మాయిది ఒకటే మాట: "నాన్నా, ఇల్లు అమ్మేసి ఫ్రిస్కో వచ్చెయ్. ఒక్కడివీ అక్కడేం చేస్తావు?"

ముందు డబ్బు సంగతి చెప్పేస్తాను, స్నేహితులు నన్ను భయపెట్టింది దాంతోనే. ఉంటున్న ఇల్లు అమ్మితే వచ్చే లాభంలో దంపతులకి 5 లక్షల డాలర్ల దాకా ఫెడరల్ టాక్స్ మినహాయింపు. ఒంటరివాళ్ళకి రెండున్నర లక్షలే. ఒకరు పోయాక రెండేళ్ళలోపు అమ్మితే (మళ్ళీ పెళ్ళి చేసుకోకపోతే లెండి) ఆ 5 లక్షలూ దక్కుతుంది. "ఇంకా పది నెలలే ఉంది, త్వరపడు" అని అందరూ. మా అకౌంటెంట్ కాగితం మీద లెక్క వేశాడు. 1995లో 2 లక్షలకి కొన్నాం, ఆవిడ పోయేనాటికి 7 లక్షలు, ఇప్పుడూ అంతే. ఇల్లు ఇద్దరి పేరా ఉంది కాబట్టి ఆవిడ సగాన్ని ఆ 7 లక్షల ధరతో కడతారట. నా సగం లక్ష, ఆవిడది మూడున్నర. లాభం రెండున్నర లక్షలకి దిగింది. ఒంటరివాడి మినహాయింపే సరిపోయింది. మీ లెక్క వేరేగా ఉండొచ్చు, అడిగి చూసుకోండి.

అసలు సంగతి వేరే. పోయిన నవంబర్‌లో వెళ్ళి ఆరు వారాలు ఉన్నాను. పొద్దున ఎనిమిదికల్లా ఇల్లు ఖాళీ. కారు లేకపోతే బయట కాలు పెట్టలేం. అల్లుడు బంగారం, "టీవీ మీరు చూడండి మామయ్య గారూ" అని తను పైకెళ్ళి ఫోన్‌లో మ్యాచ్ చూసుకునేవాడు. ఒక రాత్రి మంచినీళ్ళకి లేస్తే గరాజ్‌లోంచి మాటలు. ఇద్దరూ కారులో కూచుని పోట్లాడుకుంటున్నారు. నా గురించి కాదు, పిల్లాడి స్కూలు గురించి. కానీ నేనున్నానని సొంతింట్లో గొంతెత్తలేక అక్కడికి వెళ్ళారు. నాకింక నిద్రపట్టలేదు.

తిరిగొచ్చాక, ఫిబ్రవరిలో, మంచు తీస్తూ డ్రైవ్‌వేలో జారిపడ్డాను. ఇరవై నిమిషాలు లేవలేదు. ఫోను లోపల చార్జింగ్‌లో ఉంది. పక్కింటి గుజరాతీ ఆవిడ చూసి మనుషుల్ని పిలిచింది. ఎముకలు విరగలేదు. ఈ సంగతి అమ్మాయికి ఇంకా చెప్పలేదు. ఈ ఎపిసోడ్ వచ్చేలోపు చెప్పాలి, వినేస్తుంది.

అమ్మాయి ఎలాగూ రమ్మనే అంటుంది. అందుకని అల్లుణ్ణి అడిగాను, "నేనొస్తే నీకేది ఇబ్బందో చెప్పు బాబూ" అని. ఏం లేదు, ఏం లేదన్నాడు. చివరికి నవ్వి, "ఐదింటికే మిక్సీ వేస్తారు మామయ్య గారూ" అన్నాడు. హమ్మయ్య అనిపించింది.

అక్టోబర్‌లో వెళ్తున్నాను, మూడు నెలలకి. ఇల్లు అమ్మట్లేదు. నా మెడికేర్ అడ్వాంటేజ్ ప్లాన్ ఇక్కడిది, అక్కడ అత్యవసరానికి తప్ప పెద్దగా పనికిరాదు. మకాం పూర్తిగా మారిస్తేనే అక్కడి ప్లాన్‌కి మారనిస్తారు. అందుకని మందులు ముందే సర్దుకున్నాను. కారు కూడా పంపించేస్తున్నాను. మిక్సీ మాత్రం ఏడు తర్వాతే.

ఉంటానండీ.