శకుని వేషము



మన పల్నాట జూదమనగానే పాచికలకన్న ముందు కోడిపందెము తలపునకు వచ్చును. నాయకురాలు నాగమ్మ పందెమొడ్డుట, బ్రహ్మనాయుడు ఓడి మలిదేవాదులతో మాచెర్ల విడిచి పోవుట వీరవిద్యావంతుల నోట విననివారు మనలో అరుదు. కపటపు పందెమునకు ఊళ్లు కూలుట యెట్టిదో మనకొకరు చెప్పనక్కరలేదు. కావున తెలుగు చలనచిత్రములలో శకునికి రూపమిచ్చిన ధూళిపాళ సీతారామశాస్త్రిగారు నాగులేటి యొడ్డునున్న దాచేపల్లిలో జన్మించిరనిన నాకు వింతగా తోచదు.

శాస్త్రిగారు నాయకపాత్రలతో పేరు గన్నవారు కారు; గుణచిత్ర నటులు. పద్యనాటకములందు ఆరితేరి చిత్రసీమకు వెళ్లిరి. 1962లో బి.ఏ. సుబ్బారావుగారి 'భీష్మ'లో దుర్యోధనుడు. 1963లో 'నర్తనశాల'యందు మరల దుర్యోధనుడే. ఆ యేడే 'శ్రీకృష్ణార్జున యుద్ధము'లో గయుడు. గయుని వేషము చిన్నది. కాని యతడు ఉమిసిన తాంబూలము కృష్ణుని దోసిట పడకున్న కథయే లేదు గదా!

1966లో నందమూరి తారకరామారావుగారు తామే దర్శకత్వము వహించి, కృష్ణ సుయోధన పాత్రలు రెండును తామే ధరించి 'శ్రీకృష్ణ పాండవీయము' తీసిరి. అందు శకునికొక పూర్వకథ గలదు. సుయోధనుడు గాంధారరాజును కుమారులతోకూడ చెరబెట్టి పట్టెడు మెతుకులు పెట్టించును. వారందరును తమ మెతుకులు శకునికే యిచ్చి, పగ తీర్చుమని ప్రాణములు విడుతురు. తండ్రి యెముకలే పాచికలగును.

భారతము చదివినవాడనగుటచే దీనికి నేను తల యూపజాలను. గాంధారపతి సుబలుడు ధర్మరాజు రాజసూయమునకు వచ్చినవాడు. శకుని సోదరులగు వృషకాచలులు కురుక్షేత్రమున అర్జునుని బాణములకు కూలినవారు. చెరలో మాడి చచ్చినవారు యుద్ధమునకెట్లు వత్తురు? ఇది జనుల నోట పెరిగిన కథయేగాని వ్యాసుని మాట కాదు.

అయినను ఆ చిత్రము చూచునపుడు నా పాండిత్యము నోరు మెదపలేదు. పాచికలను చేతబట్టిన శాస్త్రిగారి చూపులో వంచన కంటె ముందు దుఃఖము కనబడినది. మేనల్లుని మెచ్చుకొనుచునే వాని యింటికి నిప్పంటించువాడు లోపలనెంత కాలియుండవలెనో ఆ ముఖము చెప్పినది. శకునిని తిట్టుటకే పోయినవారు కంట నీరు పెట్టిరి. ఇది నటుని బలము. కథలోని లోపమునకు ఆయన బాధ్యుడు కాడు.

వారి వాచికమును గూర్చి చెప్పక విడువరాదు. సమాసమెంత పొడవైనను శ, ష, సలు వేరువేరుగా వినబడును; ఒత్తక్షరము ఒత్తుగనే పలుకును. నేను పాఠశాలలో ద్యూతఘట్టము చెప్పునపుడు, 1977 నాటి 'దానవీరశూర కర్ణ'లో శాస్త్రిగారు మరల ధరించిన శకునిని అనుకరించు పిల్లలుండెడివారు. వానికి శబ్దమంజరి పట్టుపడలేదుగాని ఉచ్చారణ మాత్రము ఆ శకుని వలన బాగుపడినది!

ఇన్ని కపటములు పలికిన యా కంఠము కడపట మంత్రజపమునకు మరలినది. శాస్త్రిగారు గుంటూరున మారుతి దేవాలయము నెలకొల్పి, సన్యాసము స్వీకరించి, మారుతీ సేవేంద్ర సరస్వతి యను పేర నివసించిరి. 2007 ఏప్రిల్ 13వ తేదీన దేహము చాలించిరి.

పెద్దలకొక మనవి. మన యూళ్లలో తిరునాళ్లకు నాటకము కట్టునపుడు కృష్ణవేషమునకు పదిమంది పోటీపడుదురు. శకుని వేషము మాత్రము పద్యము రానివాని మెడకు తగిలింతురు; పుత్రుడు శకునియైన తల్లిదండ్రులు చిన్నబుచ్చుకొందురు. ఇట్లయిన నాటకము సగము చచ్చును. వేషములు పంచువారు మీరే కదా! ఈ యేడు మంచి కంఠమున్న కుఱ్ఱవానికే శకునినిచ్చి చూడుడు. ధూళిపాళవారి సన్నివేశములు చేతిఫోనులోనే వానికి చూపవచ్చును. చూపుటకు ముందు శ, ష, సలు మాత్రము దిద్దింపుడు.